సమాధుల మీది పేర్లు బొమ్మల్లోకి ఎక్కించొచ్చా?

గట్టుమీద చింత: నరసాపురం వైపు కాలవ గట్టున ఉన్న పాత క్రైస్తవ సమాధుల మీద కాగితం పరిచి ఒక చిత్రకారుడు అచ్చులు తీస్తున్నాడు. ఆ అక్షరాల మీదే ముఖాలు గీస్తాడు. మాల, మాదిగ పేటల క్రైస్తవుల చరిత్ర ఇదేనంటాడు. పేరు, ఇంటిపేరు, పేట ఉన్నవి ఉన్నట్టే పెడతాడట. సబబేనా?

సున్నపుబట్టీ: పేర్లు తర్వాత. అచ్చు తీయడమే తప్పు. ఏటా సమాధుల పండక్కి వేసిన సున్నం అక్షరాల గుంటల్లో పొరలుగా పేరుకుని ఉంటుంది. పైన బొగ్గు రుద్దితే ఏమీ రాదు. రాకపోతే గోకుతారు. సిమెంటు పలక మీద మేకుతో రాసిన అక్షరం సున్నంతో పాటే ఊడొస్తుంది. కొందరు యాసిడ్ పోస్తారు. యాసిడ్‌కి సున్నమైనా పాలరాయైనా ఒకటే, రెంటినీ తినేస్తుంది.

లంకమామిడి: మరెలా చదవాలండీ?

సున్నపుబట్టీ: పడుకోబెట్టిన పలకైతే పొద్దుగూకే ముందు ఎండ చాలు. నిలబెట్టిన రాయికి పక్కన మూరెడు అద్దం పట్టి, వెలుగు రాయిని రాసుకుంటూ పోయేలా తిప్పాలి. కెమెరా ఎదురుగా, స్టాండు మీద, కదలకూడదు. వెలుగు ఎడమ, కుడి, పైన, కింద మార్చి నాలుగు ఫొటోలు. ఒకదాంట్లో కనపడని కొమ్ము ఇంకోదాంట్లో తేలుతుంది.

ఏటిగాలి: బొమ్మ గురించి అడిగితే ఫొటో పాఠం! 1836లో మిషనరీ గ్రోవ్స్ వెంట మతప్రచారానికి వచ్చిన బౌడెన్, బీర్ దొరల పేర్లు పుస్తకాల్లో ఉన్నాయి. వాళ్ళ మాట విన్న పేటల పేర్లు? ఈ పలకల మీదే. అవీ తీసేసి గీస్తే అది బొమ్మ కాదు, మరో పొర సున్నం.

పాతరిజిస్టర్: 1950 రాష్ట్రపతి ఉత్తర్వు ప్రకారం ఎస్సీ హోదా హిందువులకే. 1956లో సిక్కుల్ని, 1990లో బౌద్ధుల్ని చేర్చారు. క్రైస్తవుడైతే బీసీ-సి, ఒక్క శాతం రిజర్వేషన్. 2024 నవంబరులో పుదుచ్చేరి కేసులో సుప్రీంకోర్టు ఎస్సీ సర్టిఫికెట్ కుదరదంటూ బాప్తిస్మం రికార్డునూ లెక్కలోకి తీసుకుంది. బొమ్మ కింద సంతకం చిత్రకారుడిది, నోటీసు ఎస్సీ సర్టిఫికెట్ ఉన్న మనవడికి.

ఏటిగాలి: తాత క్రైస్తవుడైతే మనవడి సర్టిఫికెట్ పోదు. చూసేది ఇప్పటి మనిషి ఏ మతంలో ఉన్నాడని.

పాతరిజిస్టర్: కోర్టులో పోదేమో. ఆకాశరామన్న ఉత్తరానికి ఆ బొమ్మ చాలు. విచారణ తేలేదాకా ఆ కుర్రాడి ఉద్యోగం ఎవరిస్తారు, మీరా?

ఏటిగాలి: అంటే చచ్చాక కూడా దాక్కోమంటారు!

పాతరిజిస్టర్: దాక్కోవాలో బయటపడాలో ఆ ఇంటివాళ్ళు తేల్చుకుంటారు. మీరూ ఆయనా కాదు.

లంకమామిడి: వందేళ్ళు దాటిన సమాధులకే పేర్లు పెడితే?

పాతరిజిస్టర్: వందేళ్ళకి ఇంటిపేరు మారుతుందా? ఇంటిపేరూ పేటా పక్కపక్కన రాస్తే ఇల్లు వెతుక్కోవడం ఎంతసేపు? ఉత్త ‘ఏసోబు’ అని రాయమనండి.

ఏటిగాలి: పేటకి పదిమంది ఏసోబులు. ఇంటిపేరు తీసేస్తే వాడు ఎవరి తాతా కాకుండా పోతాడు.

గట్టుమీద చింత: ఇప్పుడే ఆయన్ని అడిగాను. ఇళ్ళకి వెళ్ళలేదట. పాస్టరు గారు సరేనన్నారట.

ఏటిగాలి: …అది మాత్రం తప్పే. పాస్టరు గారిది గుడి. సమాధి ఇంటివాళ్ళది.

సున్నపుబట్టీ: యాసిడ్ పోశాడో లేదో, అదడిగారా?