పాస్‌పోర్టులో మిగిలిన పాత ‘లెట్’: పోనిచ్చే మాటా, అడ్డుకొనే మాటా?

మా మేనకోడలు పైచదువుకు వెళ్లే ప్రయత్నంలో ఉంది. గత వారం పాస్‌పోర్టు చేతికి రాగానే ఫోటో ఎలా పడిందో చూసుకొని, ఆ తరువాత రాష్ట్రపతి పేరిట అచ్చయిన పొడవాటి ఇంగ్లీషు వాక్యాన్ని పైకి చదివింది. ‘వితౌట్ లెట్ ఆర్ హిండ్రెన్స్’ అన్న చోట ఆగి, “మామయ్యా, లెట్ అంటే పోనివ్వడమే కదా? లెట్ లేకుండా పోనివ్వండి అంటే ఏమిటి అర్థం?” అని అడిగింది. అప్పటికి రెండు ముక్కల్లో జవాబు చెప్పాను గాని, అది రెండు ముక్కలతో తీరే విషయం కాదు కనుక బృంద సభ్యుల ముందు కాస్త వివరంగా పెడుతున్నాను.

ముందుగా ఆ వాక్యం సంగతి. ఈ పత్రం కలిగిన వ్యక్తిని స్వేచ్ఛగా, ‘లెట్’ గాని ఆటంకం గాని లేకుండా పోనివ్వవలసిందనీ, అవసరమైన సహాయాన్నీ రక్షణనూ అందించవలసిందనీ, సంబంధితులందరినీ భారత గణతంత్ర రాష్ట్రపతి పేరిట కోరడం దాని సారాంశం. బ్రిటిష్ పాస్‌పోర్టులో రాజు పేరిటనో రాణి పేరిటనో ఉండే వాక్యంలోని నుడికారమే దాదాపుగా మన దాంట్లోకీ వచ్చింది. పక్కనే ఉన్న హిందీ పాఠంలో ఈ చోట ‘బినా రోక్‌టోక్’ అని ఉంటుంది. అంటే హిందీలోకి తెచ్చినవారికి ఇక్కడి ‘లెట్’ అడ్డు అనే అర్థంలో ఉందని స్పష్టంగా తెలుసు. ఇంగ్లీషు మాత్రమే చదివేవారికి ఆ స్పష్టత దొరకదు, ఎందుకంటే వారికి తెలిసిన ‘లెట్’ మన వీధుల్లో ప్రతి రెండో గేటుకు వేలాడే టులెట్ బోర్డులోది. అద్దెకు ఇవ్వబడును అని చెప్పే ఆ మాటకూ, పాస్‌పోర్టులోని మాటకూ అక్షరాలు మూడూ అవే. అర్థాలు మాత్రం ఎదురెదురుగా నిలబడ్డాయి.

ఒకే మాట రెండు విరుద్ధార్థాలు ఇస్తోందని చాలామంది దీన్ని వింతగా చెబుతారు. నా ఉద్దేశంలో ఆ వివరణ తప్పుదారి పట్టిస్తుంది. ఇవి పుట్టుకలో రెండు వేర్వేరు క్రియలు. వెయ్యేళ్ల కిందటి పాత ఇంగ్లీషులో విడిచిపెట్టు, పోనిచ్చు అనే అర్థంలో ‘ల్యాటన్’ అనే క్రియ ఉండేది. అందులోని అచ్చును, మనం ‘బ్యాంకు’ అనేటప్పుడు పలికే అచ్చును సాగదీసినట్లు దీర్ఘంగా పలకాలి. అడ్డగించు అనే అర్థంలో ‘లెట్టన్’ అనే మరో క్రియ ఉండేది. ఈ రెండోది ‘ల్యాట్’ అనే విశేషణం నుంచి పుట్టింది. ల్యాట్ అంటే నిదానమైనది, జాగు చేసేది. నేడు మనం తెలుగులోనూ వాడే ‘లేటు’ దాని సంతతే. కాబట్టి లెట్టన్ అంటే లేటు చేయించడం, ఒకరిని జాగు పాలు చేయడం. మనకు ఆగు నుంచి ఆపు, మాను నుంచి మాన్పు వచ్చినట్లే, నిదానం అనే గుణం నుంచి నిదానింపజేయు అనే ప్రేరణార్థకం అక్కడ వచ్చింది. ఎవరినైనా ఆలస్యం చేయించడమంటే వారి దారికి అడ్డు పడటమే కదా. ఆ మెట్టు మీదుగానే అడ్డగింపు అనే అర్థం స్థిరపడింది.

ఇంకా లోతుకు వెళితే ఒక ముచ్చటైన సంగతి ఎదురవుతుంది. ఇంగ్లీషు, డచ్చి, జర్మన్ వంటివి చేరిన జర్మానిక్ భాషాకుటుంబపు చరిత్రను శోధించినవారు ఈ రెండు క్రియలనూ సడలు, పట్టు విడుచు అనే భావం గల ఒకే ప్రాచీన ధాతువుకు చేర్చి చెబుతారు. ఇంగ్లీషు మాత్రమే తెలిసినవారికి ఇది నమ్మశక్యంగా ఉండకపోవచ్చు గాని, తెలుగువారికి ఏమంత కష్టం కాదు. మన ‘వదులు’ను చూడండి. చేయి వదిలాడు అంటే పోనిచ్చాడని. చొక్కా వదులైంది అంటే బిగువు తగ్గిందని. పట్టు సడలించి పోనివ్వడం ఒక దారి. బిగువు సడలి, చురుకు తగ్గి, నెమ్మదించడం మరో దారి. మొదటి దారిన ల్యాటన్ వచ్చింది. రెండో దారిన ముందు నిదానం, తరువాత ఆలస్యం, ఆ తరువాత ఆలస్యం చేయించడం, చివరికి అడ్డగించడం వచ్చాయి. ఒకే చెట్టు నుంచి చీలిన రెండు కొమ్మలు చాలా కాలానికి గాలికి ఊగి మళ్లీ ఒకదానికొకటి తగిలినట్లు, ఉచ్చారణ మారుతూ మారుతూ చివరికి రెండూ ‘లెట్’ అనే ఒకే ధ్వని దగ్గర కలుసుకొన్నాయి. డచ్చి, జర్మన్ భాషల్లో ఈ కలయిక జరగలేదు. డచ్చివారికి పోనివ్వడం ‘లాటెన్’, అడ్డగించడం ‘బెలెటెన్’. జర్మనులకు పోనివ్వడం ‘లాసెన్’, గాయపరచడం ‘ఫెర్‌లెట్సెన్’. ఈ చివరి మాట లెట్టన్‌కు దాయాదే. అడ్డగించడం నుంచి హాని చేయడం దాకా అర్థం అక్కడ జరిగింది.

రెండు ‘లెట్’లూ ఇంకా విడివిడిగా వినిపించిన కాలపు ఆనవాలు ఇంగ్లీషు కవి చాసర్ రాసిన ‘కాంటర్‌బరీ కథలు’లో ఉంది. ఆయన 1400లో మరణించాడు. అందులో యాత్రికులు వంతులవారీగా కథలు చెబుతారు, బాగా చెప్పినవారికి విందు బహుమతి. వారిలో మొదట కథ అందుకొన్న నైట్ (యోధుడు), చెప్పడానికి నా దగ్గర చాలా ఉంది గాని, నేను సాగదీసి ఈ బృందంలో ఎవరికీ అడ్డు పడను అంటూ ‘లెటెన్’ అనే క్రియను వాడతాడు. వెంటనే తరువాతి పాదంలో, ప్రతివారినీ తమ వంతు కథ చెప్పనివ్వండి, విందు ఎవరు గెలుస్తారో చూద్దాం అంటూ ‘లాట్’ అంటాడు. మొదటిది అడ్డగింపు, రెండోది అనుమతి, మధ్యలో ఉన్నది ఒక్క పాదాంతం. అచ్చులు వేరు కనుక విన్నవారికి ఏ తికమకా లేదు. ఈ రెండు పాదాలను నేను చాలాసార్లు పైకి చదువుకొన్నాను. ఒక భాష తన రెండు మాటలను ఇంకా కలిపేసుకోని క్షణాన్ని చెవితో పట్టుకొన్నట్లు ఉంటుంది.

రెండు వందల ఏళ్లు గడిచేసరికి ఆ తేడా పోయింది. 1600 ప్రాంతంలో షేక్‌స్పియర్ రాసిన హామ్లెట్ మొదటి అంకం నాలుగో రంగంలో, తండ్రి ప్రేతం రమ్మని సైగ చేస్తుంటే హామ్లెట్ వెంట వెళ్లబోతాడు. అది ఏ అగాధానికి తీసుకుపోతుందోనని భయపడి హొరేషియో, మార్సెలస్ అతణ్ణి చేతులతో గట్టిగా పట్టుకొంటారు. అప్పుడు హామ్లెట్, నన్ను ‘లెట్’ చేసినవాణ్ణి దయ్యంగా మార్చేస్తాను అని ఒట్టుపెట్టి మరీ అంటాడు. నేటి వాడుకతో చదివితే నన్ను పోనిచ్చినవాణ్ణి చంపుతాను అని వస్తుంది, కవి చెప్పింది దానికి సరిగ్గా తలకిందులు. నన్ను ఆపినవాణ్ణి అన్నదే అక్కడి అర్థం. రంగస్థలం మీద చూసేవారికి ఇద్దరు మనుషులు పట్టుకొని ఉండటం, అతడు విదిలించుకొంటూ ఉండటం కళ్ల ముందే జరుగుతుంది కాబట్టి మాట అర్థం చేతల నుంచే తెలిసిపోతుంది. పుస్తకంలో మౌనంగా చదువుకొనే విద్యార్థికి ఆ ఆసరా లేదు. అందుకే తరగతిలో ఈ రంగం చెప్పేవారు ముందుగా ఈ ఒక్క మాట దగ్గర ఆగాలని నా అభ్యర్థన.

1611 నాటి జేమ్స్ రాజు బైబిలు అనువాదంలో ఈ పాత లెట్ మరికొన్ని చోట్ల ఉంది. రోమీయులకు రాసిన లేఖ మొదటి అధ్యాయంలో పౌలు, మీ దగ్గరకు రావాలని ఎన్నోసార్లు అనుకొన్నాను గాని ఇప్పటిదాకా ‘లెట్’ అయ్యాను అంటాడు. తెలుగు బైబిలు చదివేవారికి ఈ చిక్కు ఎన్నడూ రాలేదు, ఎందుకంటే అక్కడ ‘ఆటంకపరచబడితిని’ అని ఉంది. ఇంగ్లీషువారికి మాత్రం వచ్చింది. 1881లో వెలువడిన సవరించిన కొత్త నిబంధనలో ఈ చోట లెట్‌ను తీసివేసి, ఆటంకపడ్డాను అనే స్పష్టమైన మాట వేశారు. ఒకే మాట రెండు దిక్కులకు లాగుతున్నప్పుడు ఒకటి తప్పుకోక తప్పదు. అనుమతించు అనే లెట్ రోజూ ప్రతి ఇంట్లో వందసార్లు పలికే మాట, అడ్డగించు అనే లెట్‌కు హిండర్, స్టాప్, ప్రివెంట్ అంటూ బదులు నిలిచే మాటలు చాలానే ఉన్నాయి. కాబట్టి రెండోదే వెనక్కు తగ్గింది.

అయితే అది పూర్తిగా పోలేదు. ఆటస్థలంలో ఇంకా ఉంది. టెన్నిస్‌లో సర్వ్ చేసిన బంతి వల అంచును తాకి సరైన గడిలో పడితే లెట్ అంటారు, ఆ సర్వ్ మళ్లీ చేయాలి. వల తాకడం వల్ల ఈ పేరు వచ్చిందనీ, ‘నెట్’ అనే మాటే నోట నలిగి ‘లెట్’ అయిందనీ మన బృందంలో ఒకరు లోగడ అన్నారు. ఆ ఊహ ఎందుకు నిలవదో ఆటలే చెబుతాయి. టెన్నిస్‌లోనే పక్క కోర్టు బంతి దొర్లుకొంటూ వచ్చి ఆటకు భంగం కలిగించినా లెట్ ఇస్తారు, అక్కడ వల ప్రసక్తి లేదు. బ్యాడ్మింటన్‌లో సర్వ్ చేసిన కాక్ వలను రాసుకొంటూ పోయి సరైన చోట పడితే ఆట సాగుతుంది, అది లెట్ కానే కాదు. అవతలివారు సిద్ధం కాకముందే సర్వ్ చేస్తేనో, ఆట మధ్యలో కాక్ విడిపోతేనో లెట్ అంటారు. ఇక స్క్వాష్‌లో వలే లేదు. ఇద్దరూ ఒకే గదిలో, ఒకే గోడకు కొడుతూ ఆడతారు. ప్రత్యర్థి శరీరం దారికి అడ్డొచ్చినప్పుడు ఆటగాడు రిఫరీ వైపు తిరిగి లెట్ కోరతాడు. రిఫరీ లెట్ ఇస్తే ఆ పాయింటు మళ్లీ ఆడిస్తారు. హామ్లెట్ నోటి మాట ఏ మార్పూ లేకుండా అక్కడ బతికి ఉంది.

పాస్‌పోర్టులో అది నిలిచిన తీరు వేరు, అక్కడ జంట కాపాడింది. ఇంగ్లీషు న్యాయభాషకు మాటలను జతలుగా వాడే అలవాటు ఉంది. 1066లో నార్మన్లు ఇంగ్లండును గెలిచిన తరువాత ఫ్రెంచి మాట పక్కన ఇంగ్లీషు మాట పెట్టి చెప్పడం దీనికి ఒక కారణమని అంటారు, చాలా జతలకు అది వర్తిస్తుంది కూడా. కాని ‘లెట్ ఆర్ హిండ్రెన్స్’కు ఆ వివరణ సరిగ్గా అతకదు. హిండర్ కూడా పాత ఇంగ్లీషు మాటే, దాని చివరి తోక మాత్రమే ఫ్రెంచిది. కాబట్టి దీన్ని రెండు భాషల జోడింపుగా కాక, ఏ సందూ వదలకుండా చెప్పాలన్న న్యాయవాదుల జాగ్రత్తగా చూడటమే మేలు. మన క్రయదస్తావేజుల్లో ‘దాన వినిమయ విక్రయాది సర్వహక్కులతో పుత్రపౌత్ర పారంపర్యముగా’ అని రాయడంలో ఉన్న జాగ్రత్త అదే. హిండ్రెన్స్ పక్కన ఉన్నంత కాలం లెట్ ఒంటరిగా అర్థం చెప్పుకోవలసిన పని లేదు. మనకూ ఇలాంటివి ఉన్నాయి. గొడ్డూ గోదా అంటాం గాని, గోదను విడిగా కట్టెయ్యమనం. పొలం పుట్రా అంటాం గాని, పుట్రను ఒక్కదాన్నే కొన్నామని అనం. జత విడిపోతే ఆ రెండో మాట మన నోట నిలవదు.

విరుద్ధార్థాల విషయంలో మన దగ్గరున్న అసలైన సాటి మాట ‘చెల్లు’ అని నాకు తోస్తుంది. ఈ నోటు చెల్లుతుంది అంటే ఇంకా వాడుకలో ఉందని. వాడికి నూకలు చెల్లాయి అంటే అయిపోయాయని, కాలం చెల్లిన మందు అంటే ఇక పనికిరానిదని. అయితే ఇది రెండు మాటల కలయిక కాదు, ఒకే మాట. తమిళంలో ‘సెల్’ అంటే నేటికీ వెళ్లడమే. డబ్బు చేతులు మారి వెళుతోంది అంటే చలామణిలో ఉందని, కాలం వెళ్లిపోయింది అంటే ముగిసిందని. ఒకే నడక రెండు కొనలకు చేరింది. సంస్కృతంలో ‘ఆరాత్’ అనే అవ్యయానికి దూరం, దగ్గర అనే రెండు అర్థాలూ ఉన్నాయని అమరకోశం ‘ఆరాద్దూరసమీపయోః’ అని చెప్పింది. ఇంగ్లీషు ‘క్లీవ్’కు చీల్చు, అంటిపెట్టుకొను అనే రెండర్థాలు ఉండటం మాత్రం లెట్ వంటిదే. అవి రెండు పాత క్రియలు, ధ్వనిలో కలిసిపోయాయి. ఇలా ఒకే మాట చీలడమా, రెండు మాటలు కలవడమా అన్నది ప్రతిసారీ విడిగా విచారించవలసిన ప్రశ్న. బయటికి ఒకేలా కనిపిస్తాయి కదా అని రెండింటినీ ఒకే గాటన కట్టవద్దని నా మనవి.

ఇక మిగిలింది మా మేనకోడలు ఆఖరున వేసిన ప్రశ్న. “పాస్‌పోర్టులో తెలుగు కూడా ఉంటే దీన్ని ఎలా రాయాలి మామయ్యా?” అంది. తెలుగులో మొదట నోటికి వచ్చేది ‘అడ్డూ అదుపూ లేకుండా’. అది ఇక్కడ పనికిరాదు, ఎందుకంటే ఆ మాటలో అల్లరి, మందలింపు ఉన్నాయి. అడ్డూ అదుపూ లేకుండా తిరిగే మనిషిని ఏ దేశమూ లోపలికి రానివ్వదు. ‘అడ్డూ ఆపూ లేకుండా’ అన్నా ఆ ఛాయ పోదు. ‘నిరాటంకంగా’ నిండైన మాటే గాని, అందులో జంట మాటల బరువు రాదు. కాసేపు తర్జనభర్జన పడి, ఒక కాగితం మీద ఇద్దరం కలిసి ఇలా రాసుకొన్నాం: ఈ పత్రం కలవారిని ఏ అడ్డూ ఆటంకమూ లేకుండా స్వేచ్ఛగా సాగనివ్వవలసినది.

‘పోనివ్వవలసినది’ అనకుండా ‘సాగనివ్వవలసినది’ అన్నది ఆమె ఎంపిక.