నీడకత్తికి మిట్టమధ్యాహ్నం ఏం గతి?

అన్నలూ, అక్కలూ, ఒక చిక్కు తీర్చండి. ఆదివారాలు మెహిదీపట్నంలో మా డాబా మీద కజిన్స్‌తో ఆడే పాచికల ఆట కోసం ఒక మాయాలోకం అల్లుతున్నా. అందులో నీడకత్తులని ఒక జాతి ఆయుధాలు. చేతిలో ఉండేది ఇనప పిడి ఒక్కటే. పట్టినవాడి నీడ దాంట్లోకి పాకి అలుగవుతుంది. నీడెంతో అలుగంత: పొద్దుగూకేటప్పుడు బారెడు, మధ్యాహ్నం జానెడు.

ఇక్కడిదాకా బానే ఉంది. మొన్న మా పిన్ని కొడుకు తగులుకున్నాడు. "మే 9 ప్రాంతంలో, మళ్ళీ ఆగస్టు 3 ప్రాంతంలో మన హైదరాబాద్‌లో సూర్యుడు సరిగ్గా నడినెత్తికొస్తాడు, నిటారుగా పెట్టిన కర్రకి నీడే పడదు. ఆ పూట నీ వీరుడు ఉత్త పిడితో కొట్లాడతాడా?" అని. నేనేమో గొప్పకి పోయి మా రాజధానిని కూడా మన ఊరిలాగే 17.4 డిగ్రీల అక్షాంశం మీద పెట్టేశా!

ఇంకో తంటా. సాయంత్రం పిట్టగోడ మీద స్క్రూడ్రైవర్ నిలబెట్టి చూశా. మొదట్లో నీడ గీత గీసినట్టుంది, కొసకి పోయేకొద్దీ అంచు చెదిరింది. సూర్యుడు చుక్క కాదు కదా, అర డిగ్రీ వెడల్పున్న పళ్ళెం. అంటే కత్తి పొడుగయ్యేకొద్దీ మొన మొద్దుబారాలి. ఇది మాత్రం నాకు తెగ నచ్చింది, ఉంచేస్తా.

నీడలేని ఆ కాసేపటికి ఏం నియమం పెట్టాలి? దీపం పట్టుకుని తిరగడం లాంటి చవక ఉపాయాలొద్దు. రెండు దీపాలుంటే రెండు అలుగులా అని వాడు అప్పుడే మొదలెట్టాడు.