ఉసిళ్ల రెక్కల బొమ్మ: స్కాన్ చేసి ఆడిస్తే బ్రాకేజ్ పద్ధతి అవుతుందా?

రాజాం రీలు:
అమెరికా ప్రయోగాత్మక సినిమాల దర్శకుడు స్టాన్ బ్రాకేజ్ 1963లో చేసిన ‘మాత్‌లైట్’కి కెమెరా వాడలేదు. చచ్చిన దీపం పురుగుల రెక్కలు, ఆకులు, గడ్డిపోచలు 16 ఎంఎం ఫిల్ము వెడల్పున్న పారదర్శక టేపుల మధ్య అతికించి, ఆ పట్టీ నుంచి ల్యాబ్‌లో ప్రింటు తీయించాడు. తొలకరికి మన శ్రీకాకుళంలో ఏ వీధి దీపం కిందైనా ఉసిళ్ల రెక్కలు గుప్పెళ్లతో దొరుకుతాయి. ల్యాబు లేదు కాబట్టి స్కాన్ చేసి కంప్యూటర్లో ఆడిస్తే చాలదా? చాలదనేవాళ్లు కారణం చెప్పండి.

నాగావళి గట్టు:
చాలదు. అందులో అసలు పని రెక్కది కాదు, ప్రొజెక్టర్ గేటుది, అంటే ఫిల్ము ఒక్కో ఫ్రేమే ఆగి వెలుగు పడే కిటికీది. 16 ఎంఎంలో ఫ్రేముకీ ఫ్రేముకీ దూరం 7.62 మిల్లీమీటర్లు. 15 మిల్లీమీటర్ల రెక్కని నిలువుగా అతికిస్తే మొదలు ఒక ఫ్రేములో, కొస ఇంకోదాంట్లో పడుతుంది. సెకనుకి 24 చొప్పున ఆడితే రెండూ ఒకే చోట వెంటవెంటనే మెరుస్తాయి, రెక్క కొట్టుకున్నట్టుంటుంది. స్కాన్ చేసిన పొడుగు పట్టీని తెర మీద జారిస్తే రెక్కలు బారులు తీరి వెళ్లిపోతాయి, అంతే.

రాజాం రీలు:
జారించమని ఎవరన్నారు మాస్టారూ? కోద్దాం. 7.62 మిల్లీమీటర్లంటే సరిగ్గా 0.3 అంగుళం. 2400 డీపీఐలో, అంటే అంగుళానికి 2400 చుక్కల చొప్పున స్కాన్ చేస్తే, ఫ్రేము ఎత్తు 720 పిక్సెళ్లు. అక్కడికి కోసి వరసగా పేరిస్తే గేటు చేసేదీ అదే కదా. నిమిషం బొమ్మకి 1440 ఫ్రేములు, దాదాపు 11 మీటర్ల పట్టీ. ఓపికుండాలి, నిజమే.

పొందూరు పట్టీ:
మీరిద్దరూ లెక్కల్లో ఉన్నారు గానీ, మామూలు స్కానర్‌తో ఈ పని అవదేటి! దాని వెలుగు రెక్క మీద పడి తిరిగొస్తుంది, ఈనెలు సరిగా కనపడవు. ఫిల్ము కోసం మూతలో లైటున్న స్కానరే కావాలి. లేదంటే ఎల్‌ఈడీ పలక మీద పెట్టి బాగా దగ్గర్నుంచి తీసే మాక్రో లెన్సుతో ఫోనులో తీయండి. ఆటో ఎక్స్‌పోజర్, ఆటో ఫోకస్ రెండూ ఆపేయాలి. లేకపోతే ఫోటో ఫోటోకీ వెలుగు మారి, మిణుకు రెక్కది కాక ఫోనుది అవుతుంది.
రెక్కలు మాత్రమే పెట్టండి. పురుగు ఒంట్లో తడీ కొవ్వూ ఉంటాయి. మన కోస్తా ఉక్కకి టేపు లోపలే బూజు పడుతుంది, ఆ మందానికి టేపు సరిగా అంటుకోక గాలి బుడగలొస్తాయి. రెక్కల్ని పాత పేపర్ల మధ్య బరువు పెట్టి ఆరబెట్టాకే అతికించండి. పై టేపుని ఒక కొస నుంచి వేలితో ఒత్తుకుంటూ రండి.
ఇంకోటి. ఉసిళ్లే పెడితే కాసేపటికి విసుగు, రెక్కలన్నీ ఒకే కొలత. ఉల్లిపొర, ఈనెలే మిగిలిన రావాకు కలపండి.

బొబ్బిలి తీగ:
వెనకాల వీణ పెడితే?

నాగావళి గట్టు:
వద్దు బాబూ. ‘మాత్‌లైట్’ మూగబొమ్మ, ఆయన సినిమాలు చాలావరకు అంతే. వీణ మోగిందంటే కన్ను తాళం వెతుక్కుంటుంది, రెక్కని చూడదు.
రాజాం వారి కోతకి ఒప్పుకుంటాను, ఒక షరతు మీద. 60 హెర్ట్జ్ తెర (సెకనుకి 60 సార్లు బొమ్మ మార్చేది) మీద 24 ఫ్రేములు సమానంగా పడవు: ఒకటి రెండుసార్లు, తర్వాతది మూడుసార్లు. మామూలు సినిమాలో పెద్దగా పట్టదు. ఇక్కడ ప్రతి ఫ్రేమూ వేరే బొమ్మ కాబట్టి నడక కుంటుతుంది. తెరని 24కో 48కో మార్చగలిగితేనే ఆడించండి. వేసేముందు మూర్ఛ ఉన్నవాళ్లకి మిణుకు సంగతి చెప్పండి.

రాజాం రీలు:
48కి మారిస్తే ఫ్రేముకీ ఫ్రేముకీ మధ్య ఒక నల్ల ఫ్రేము కూడా పెట్టొచ్చు, ప్రొజెక్టర్ షట్టర్ ఫ్రేముల మధ్య వెలుగు ఆపినప్పటి చీకటి వస్తుంది. వెలుగు సగానికి పడిపోతుంది, హాలు బాగా చీకటిగా ఉండాలి.