టీబీ అని ఒంటరి గదిలో పెట్టాక మా నాయన మాట్లాడటం మానేశాడు, ఏం చేయాలి?

కావలి కోడలు

అందరికీ నమస్కారం. మాది చీమకుర్తి దగ్గర పల్లె, నన్ను కావలి ఇచ్చారు. మా నాయనకి 64 ఏళ్లు, పాతికేళ్లు గ్రానైట్ రాయి కోసే ఫ్యాక్టరీలో పనిచేశాడు. రెండు నెలలుగా దగ్గు, సాయంత్రమైతే జ్వరం, మనిషి సగమైపోయాడు. ఊళ్లో ఇచ్చిన సిరప్పులతోనే నెట్టుకొచ్చి, చివరికి దగ్గులో నెత్తురు పడేసరికి ఒంగోలు తీసుకొచ్చి అడ్మిట్ చేశాం. తెమడ పరీక్షలో టీబీ అని తేలింది. మందులు మొదలై ఈరోజుకి తొమ్మిది రోజులు. నెత్తురు ఆగింది, జ్వరం తగ్గింది, డాక్టర్లు బాగానే ఉందంటున్నారు.

నా బాధ వేరే. ఆయన్ని వార్డు చివర గదిలో ఒక్కడినే పెట్టారు. తలుపు మీద ఎర్రక్షరాలతో లోపలికి రాకూడదని కాగితం. అన్నం క్యారేజీ బయట స్టూలు మీద పెట్టి వచ్చేయాలి. మొదటి రెండు రోజులు తలుపు అద్దంలోంచి చెయ్యి ఊపేవాడు. నాలుగో రోజు నుంచి గోడవైపు తిరిగి పడుకుంటున్నాడు, ఫోన్ చేస్తే "ఊ" అని పెట్టేస్తాడు. నిన్న క్యారేజీ వెనక్కి తీసుకుంటే పులుసు గిన్నె మూత కూడా తీయలేదు. మొన్న రాత్రి రెండింటికి సిస్టర్ని పిలిచి "ఎద్దుల్ని కట్టేశారా" అని అడిగాడంట. మేం ఎద్దులు అమ్మేసి పదిహేనేళ్లయింది.

అమ్మకి షుగరు, అందుకని ఆమెని అసలు రానివ్వడం లేదు. ఊళ్లో వాళ్లు అప్పుడే అంటున్నారు, డిశ్చార్జి చేసినా ఆరు నెలలు ఎక్కడో ఒక చోట ఉంచండి, ఇక్కడికి తేవద్దు అని. మా పెదనాన్న కొడుకు కూడా ఫోన్ చేయలేదు. అన్నయ్యకి హైదరాబాద్‌లో సెలవు దొరకలేదు. నేను పిల్లలిద్దర్నీ అత్తమ్మ దగ్గర వదిలి రోజూ కావలి నుంచి రైల్లో వచ్చి పోతున్నా.

ఇలా ఒక్కడినే ఉంచడం నిజంగా తప్పదా? నేను పక్కన కూర్చుంటే నాకు, నా ద్వారా పిల్లలకు అంటుకుంటుందా? ఆయన ఇలా అయిపోవడం జబ్బు వల్లా, ఆ గది వల్లా? తెలిసినవాళ్లు చెప్పండి, నాకు నిద్ర పట్టడం లేదు.

నెల్లూరు సిస్టర్

అమ్మా, నేను నెల్లూరులో పద్నాలుగేళ్లుగా స్టాఫ్ నర్సుని, అందులో నాలుగేళ్లు ఊపిరితిత్తుల వార్డులోనే చేశాను. నీ చివరి ప్రశ్నే ముందు చెప్తా, అదే అర్జెంటు.

అర్ధరాత్రి ఎద్దుల సంగతి అడగడాన్ని బెంగ అని వదిలేయొద్దు. ఇలా ఉన్నట్టుండి మనసు తికమకపడటాన్ని మేం డెలిరియం అంటాం, ఆసుపత్రిలో ఉన్న పెద్దవాళ్లకి చాలామందికి వస్తుంది. ఆక్సిజన్ తగ్గినా, రక్తంలో సోడియం తగ్గినా, మందు పడకపోయినా రావచ్చు. టీబీ మెదడు పొరలకి పాకినా మాట తేడా వస్తుంది, కాబట్టి ఈరోజే డ్యూటీ డాక్టర్‌కి ఇది విడిగా చెప్పు. తలనొప్పి, వాంతులు, మెడ పట్టేయడం, మత్తుగా పడి ఉండటం లాంటివి ఏమన్నా ఉంటే అవి కూడా చెప్పు. సిస్టర్లు రాశారులే అనుకోవద్దు, నువ్వు నోటితో చెప్పు.

ఆ గది కూడా కారణమే. రాత్రంతా ట్యూబ్‌లైట్ వెలుగుతుంటే, వచ్చే ప్రతి మనిషికీ ముఖం సగం కప్పి ఉంటే, పొద్దు ఎక్కిందో వాలిందో తెలియకపోతే పెద్దమనిషి తికమక పడకుండా ఎలా ఉంటాడు? ఆయన కళ్లజోడు ఇప్పుడెక్కడుంది? అడ్మిషన్ హడావుడిలో చాలామంది ఇంట్లోనే మర్చిపోతారు. అది తీసుకురా, పెద్ద అంకెల గోడ గడియారం ఒకటి, చింపే క్యాలెండర్ ఒకటి పెట్టించు.

ఇక ఐసోలేషన్ గురించి. రోగిని వేరు పెట్టడం అంతా ఒకటి కాదు, క్రిమి ఏ దారిన వస్తుందో దాన్ని బట్టి మారుతుంది. మందులకి లొంగని క్రిములు పుండులో ఉంటే చేతులు, గ్లౌజులు, గౌను ముఖ్యం. ఫ్లూ లాంటి వాటికి దగ్గర నుంచి పడే తుంపర్లు, మామూలు మాస్కు చాలు. టీబీ, తట్టు, ఆటలమ్మ గాలిలో తేలుతూ పోతాయి, అందుకే విడిగది, మూసిన తలుపు. బ్లడ్ క్యాన్సర్ వాళ్లని వేరు పెట్టేదేమో మన నుంచి వాళ్లని కాపాడటానికి. ఇంటివాళ్లకి మాత్రం అన్నిటికీ ఒకే మాట చెప్తాం, "దగ్గరికి రావద్దు" అని. అది మా తప్పే.

టీబీ గాలి ద్వారానే వస్తుంది. కంచం, చెంబు, దుప్పటి, చెయ్యి పట్టుకోవడం వల్ల రాదు. మీ నాయన చెయ్యి నిమిరితే నీకేం కాదు. లోపలికి వెళ్లేటప్పుడు నువ్వు ఎన్95 పెట్టుకోవాలి, ముక్కు దగ్గర, బుగ్గల దగ్గర సందు లేకుండా. ఆయన మామూలు సర్జికల్ మాస్కు పెట్టుకోవాలి. చాలాచోట్ల దీన్ని తిరగేసి రోగికి ఎన్95 ఇచ్చి ఇంటివాళ్లు గుడ్డ మాస్కుతో తిరుగుతుంటారు. కారిడార్ వైపు తలుపు మూసి, బయటి కిటికీలు బార్లా తెరవండి. గాలి నీ వెనక నుంచి ఆయన మీదుగా బయటికి పోయేలా కుర్చీ వేసుకో. మామూలు ఏసీ పెట్టి అన్నీ మూసేస్తే అదే గాలి గదిలో తిరుగుతుంది, చల్లగా ఉంటుందే తప్ప కొత్త గాలి రాదు.

టీబీ క్రిమి మందుకు లొంగుతుందో లేదో చెప్పే తెమడ పరీక్షలు ట్రూనాట్ గానీ సీబీనాట్ గానీ చేశారా, మందుకు లొంగే టీబీయేనా అని అడుగు. లొంగేదే అయితే సరైన మందులు పడ్డాక అంటించే గుణం చాలా త్వరగా తగ్గిపోతుంది, మామూలుగా రెండు వారాలు లెక్క వేస్తారు. మీ నాయనకి తొమ్మిది రోజులు అయ్యాయి కదా. పిల్లల్ని మాత్రం ఇప్పుడు తీసుకురావద్దు.

వార్డు ఇన్‌ఛార్జి సిస్టర్ దగ్గరికి వెళ్లి "పగటిపూట ఎన్95 పెట్టుకుని అరగంట కూర్చుంటాను, ఎలా కూర్చోవాలో చెప్పండి" అని అడుగు. లోపలికి రానిస్తారా అని అడిగితే వద్దనే అంటారు.

ఇంకొకటి దాచకుండా చెప్తా. ఐసోలేషన్ గదికి మేం వెళ్లే సార్లు తగ్గిపోతాయి. ప్రతిసారీ మాస్కు మార్చాలి, చేతులు కడగాలి, అందుకని నాలుగు పనులు కూడబెట్టుకుని ఒక్కసారే వెళ్దామనుకుంటాం. నాకు ఒక ముసలమ్మ ఇప్పటికీ గుర్తొస్తుంది. బెల్లు కొట్టింది, నేను వెళ్లేసరికి ఇరవై నిమిషాలు దాటింది. ఏం కావాలమ్మా అంటే "ఏం వద్దు, ఎవరన్నా ఉన్నారా అని" అంది.

వేదాయపాళెం అబ్బాయి

అక్కా, సిస్టర్ గారు వైద్యం చెప్పారు, నేను లోపల పడుకున్నవాడి సంగతి చెప్తా. ఆంధ్రాలో మొదటి కరోనా కేసు మా నెల్లూరులోనే, 2020 మార్చిలో. నాకు ఆగస్టులో వచ్చింది, పదకొండు రోజులు గదిలో ఉన్నా. అప్పుడు నాకు 31 ఏళ్లు, చేతిలో స్మార్ట్‌ఫోన్, అయినా అయిదో రోజుకి ఫోన్ ఎత్తబుద్ధి కాలేదు. ఎందుకంటే అందరూ "ఎలా ఉన్నావు, తిన్నావా, ఆక్సిజన్ ఎంత" అనే అడిగేవాళ్లు. అవే మూడు ప్రశ్నలకి రోజుకి పదిసార్లు జవాబు చెప్పి చెప్పి, నేను మనిషినా, ఆ వేలికి పెట్టే మిషన్నా అనిపించేది.

మా ఆవిడ ఒక రోజు ఏమీ అడగకుండా మా వీధిలో నీళ్ల ట్యాంకర్ దగ్గర జరిగిన గొడవంతా చెప్పింది. ఎవరు బిందె ముందు పెట్టారు, ఎవరు తోశారు, అన్నీ. ఆ రోజు నలభై నిమిషాలు మాట్లాడా. మీ నాయన్ని ఆరోగ్యం అడగబాకండి, ఊరి కబుర్లు చెప్పండి, వీలైతే ఏదన్నా సలహా అడగండి. రోజూ ఒకే టైముకి చేయండి. ఫలానా టైముకి ఫోన్ వస్తుందని తెలిస్తే మిగతా పూట గడుస్తుంది.

మా వార్డు ఊడ్చే అమ్మ ఒకామె రోజూ తడిగుడ్డ పెడుతూ "ఏం అబ్బయ్యా, బయట వాన పడతాంది" అనో "ఎండ పేలిపోతాంది" అనో చెప్పి పోయేది. కిటికీ అద్దానికి తెల్ల పెయింటు, నాకేం కనపడేది కాదు. ఆమె ముఖం నేను చూడలేదు, గొంతు మాత్రం ఇప్పుడు విన్నా గుర్తుపడతా.

కనిగిరి పెద్దాయన

అమ్మాయీ, నేను టీబీ సూపర్‌వైజరుగా చేసి రిటైర్ అయినవాణ్ని. మీ ఊరివాళ్ల మాట గురించి రాయాలనిపించింది.

ఆరు నెలలు దూరంగా ఉంచాలన్నది మా తాతల కాలపు లెక్క. అప్పట్లో మందు లేదు, మంచి గాలి, తిండి, విశ్రాంతి అని శానిటోరియాలకు పంపేవాళ్లు, మదనపల్లె దగ్గర ఆరోగ్యవరం అట్లా వచ్చిందే. మందులు వచ్చాక 1956లో మద్రాసులో ఒక పరిశోధన మొదలుపెట్టారు. కొంతమంది రోగుల్ని శానిటోరియంలో పెట్టి, కొంతమందిని వాళ్ల ఇరుకు ఇళ్లలోనే ఉంచి, అవే మందులు ఇచ్చారు. 1959లో ఫలితం చెప్పారు, ఇంట్లో ఉన్నవాళ్లకీ దాదాపు అంతే బాగా నయమైంది. ఇంట్లో వైద్యం చేసినందువల్ల కుటుంబంలో వాళ్లకి జబ్బు ఎక్కువగా అంటుకోలేదని కూడా తేలింది. ఆ తర్వాత ప్రపంచమంతా శానిటోరియాలు మూతపడ్డాయి. మన పక్కనున్న మద్రాసులో తేలిన సంగతి మన పల్లెలకి ఇంకా చేరలేదు, అదే నాకు బాధ.

ఆలోచించమ్మా, మీ అమ్మ ఆ రెండు నెలలూ ఆయన దగ్గుతుంటే పక్క మంచంలోనే పడుకుంది. అంటుకునే ప్రమాదం ఎక్కువగా ఉన్నది అప్పుడు. ఇప్పుడు మందు పడ్డాక ఆమెని ఊళ్లో కూర్చోబెట్టి చేసే మేలు తక్కువ. ఆమెకి చేయాల్సింది ఎక్స్‌రే, తెమడ పరీక్ష. షుగరు ఉన్నవాళ్లకి టీబీ వచ్చే అవకాశం రెండు మూడు రెట్లు ఎక్కువ. జబ్బు లేదని తేలితే రాకుండా ముందుగా ఇచ్చే మందు ఉంది, ఇంట్లో అందరికీ అడగండి. మీ నాయన రాతిదుమ్ములో పనిచేశాడని డాక్టర్‌కి చెప్పారా? ఆ దుమ్ము పట్టిన ఊపిరితిత్తులకి టీబీ తేలిగ్గా వస్తుంది, చెప్పి తీరాలి. టీబీ రోగుల వివరాలు రాసే ప్రభుత్వ ఆన్‌లైన్ రికార్డు నిక్షయ్‌లో పేరు ఎక్కించి బ్యాంకు ఖాతా ఇస్తే తిండికని నెలకి 1000 రూపాయలు పడతాయి, 2024 నవంబరు దాకా అది 500 ఉండేది.

ఇంకొక చిన్న సంగతి. ఆ మాత్రల్లో రిఫాంపిసిన్ ఉంటుంది, దానివల్ల మూత్రం ఎర్రగా, నారింజ రంగులో వస్తుంది. ప్రమాదం లేదు. ఆయనకి ఎవరన్నా చెప్పారో లేదో కనుక్కో. నా సర్వీసులో ఆ రంగు చూసి మందు మానేసినవాళ్లు చాలామంది.

ఊరి సంగతికొస్తే, మీ నాయన ఒప్పుకుంటే ఏఎన్‌ఎం చేతో ఆశా కార్యకర్త చేతో నలుగురిలో చెప్పించండి. మీరు చెబితే వినరు, తెల్లకోటు చెబితే వింటారు.

కావలి కోడలు

మూడు రోజుల తర్వాత రాస్తున్నా, క్షమించండి.

సిస్టర్ గారూ, మీరు చెప్పినట్టే డ్యూటీ డాక్టర్‌కి చెప్పా. రక్తపరీక్ష చేశారు, సోడియం బాగా తగ్గిందంట, దానికి వైద్యం నడుస్తోంది. ఎద్దుల మాట మళ్లీ రాలేదు. ట్రూనాట్‌లో మందుకు లొంగేదే అని వచ్చింది. కళ్లజోడు నిజంగానే ఇంట్లో దూలానికి కట్టిన సంచిలో ఉంది. ఇన్‌ఛార్జి సిస్టర్ని మీరు చెప్పిన మాటలతోనే అడిగా, ఆమె తనే వచ్చి నా మాస్కు సరిచేసి, కుర్చీ కిటికీ పక్కన వేయించింది.

మొదటి రోజు పది నిమిషాలు ఏం మాట్లాడలేదు. చెయ్యి పట్టుకుంటే లాక్కున్నాడు, అంటుకుంటుందని. అంటుకోదు నాయనా అని మళ్లీ పట్టుకున్నా. అప్పుడు గోడవైపు చూస్తూనే మెల్లగా అన్నాడు, "ఎర్రగా పోతాంది అమ్మాయ్, నెత్తురే. మీ అమ్మకి చెప్పబాక." ఆరు రోజులుగా అదే మనసులో పెట్టుకుని పడుకున్నాడంట, ఇంక అయిపోయిందనుకుని. పెద్దాయనా, మీరు రాసింది చదివి ఉండకపోతే నేనూ అక్కడే ఏడ్చేదాన్ని. మాత్ర రంగు నాయనా అని చెప్పి, సిస్టర్ని పిలిచి మాత్ర కూడా చూపించా. దాన్ని కళ్లజోడు పెట్టుకుని ఎంతసేపు చూశాడో.

నిన్న అమ్మని తీసుకొచ్చా, ఎక్స్‌రే బాగుంది, తెమడ ఇచ్చాం. అరగంట కూర్చోనిచ్చారు. ఇద్దరూ ఎక్కువ మాట్లాడుకోలేదు, అమ్మ ఆయన గోళ్లు తీసింది.

మా ఏఎన్‌ఎం గారితో ఫోన్లో మాట్లాడా, నాయన కూడా సరే చెప్పమన్నాడు. ఎల్లుండి మా ఊరు వస్తామన్నారు. మధ్యాహ్నం వస్తే అందరూ పనిలో ఉంటారు, సాయంత్రం ఆరింటికి రామాలయం అరుగు మీద ఉంటారు, ఆ టైముకి రండి మేడం అని అడిగా.