పణిక్కర్ అక్షరాలు: చదవడానికా, చూడడానికా?

అడయారు పాఠకురాలు:
పోయిన ఆదివారం మా నాన్నగారిని చెన్నై ఇంజంబాక్కంలో చిత్రకారులు కట్టుకున్న ఊరు చోళమండలంలోని చిత్రశాలకు తీసుకెళ్లాను. ఆయన ముప్పై ఏళ్లు బడిలో తెలుగు చెప్పారు. చిత్రకారుడు కె.సి.ఎస్. పణిక్కర్ ‘పదాలు, సంకేతాలు’ వరసలోని ఒక చిత్రం ముందు చాలాసేపు నిలబడ్డారు. మలయాళం లిపిలా ఉంది, కానీ కూడబలుక్కుందామంటే ఒక్క మాటా కుదరలేదు. పక్కనున్న మలయాళీ పెద్దాయనను అడిగితే తనకూ చదవరాలేదన్నారు. "చదవనివ్వని అక్షరం రాయడం అక్షరానికి అన్యాయం చేయడమే" అన్నారు నాన్నగారు. నాకూ అలాగే అనిపిస్తోంది. కనీసం పక్కన నాలుగు వాక్యాల వివరణ ఉండాలి కదా?

పెరంబూరు లెక్కల మాస్టారు:
వివరణ అక్కరలేదమ్మా. ఆ వరస 1963లో మొదలైంది, ఒక విద్యార్థి లెక్కల నోటు పుస్తకంలోని పుట చూసి. మొదట అంకెలు, గణిత చిహ్నాలు, రోమన్ అక్షరాలు వాడారు. రోమన్ లిపి తన బొమ్మకు పొసగలేదని తర్వాత మలయాళం వైపు తిరిగారు. భావం చెప్పడమే ఉద్దేశమైతే లిపి మార్చడం ఎందుకు? ఆయనకు కావలసింది గీత వంపు. లెక్క నిండిన నల్లబల్లను నేను రోజూ తరగతి వెనక నుంచి చూస్తాను, అంకెలు కనబడనంత దూరం నుంచి కూడా దానికొక రూపం ఉంటుంది. గుమ్మానికి కట్టే యంత్రపు రేకును మనలో ఎవరు చదువుతున్నారు?

మైలాపూరు వాసి:
రేకు వెనక నమ్మకం ఉంది మాస్టారూ. రాసిన పంతులుగారికి దాని అర్థం తెలుసన్న ధీమా ఉంది. ఇక్కడ గీసినవారి దగ్గర కూడా చదవడానికి ఏమీ లేదు. ఆ పోలిక నిలవదు.

చిత్రకళ విద్యార్థి:
అర్థం గురించే మాట్లాడుకుంటున్నాం, ఆ మనిషి బతుకును కూడా చూడండి. పణిక్కర్ 1911లో కోయంబత్తూరులో పుట్టారు. ఇల్లు గడవడానికి చదువు మానుకుని తంతి శాఖలో ఉద్యోగం చేశారు. పాతికేళ్ల వయసులో, 1936లో, మద్రాసు ప్రభుత్వ చిత్రకళాశాలలో శిల్పి దేవీప్రసాద్ రాయ్ చౌధురి దగ్గర విద్యార్థిగా చేరారు. నీటిరంగుల్లో కొబ్బరిచెట్లు, కాలువలు చక్కగా గీసేవారు. అందరికీ అర్థమయ్యే బొమ్మ ఆయనకు చేతనయిన పనే. యాభై దాటాక దాన్ని వదిలి ఈ దారి పట్టారు. అప్పటికి ఆ కళాశాలకే ప్రిన్సిపాల్.

అలాంటి బొమ్మలు అప్పట్లో ఇక్కడ కొనేవారు ఎందరు? అందుకే ఆయనా శిష్యులూ బాతిక్ (మైనం పూసి రంగు అద్దే) బట్టలు, లోహపు పనులు, తోలు పనులు చేసి అమ్మారు. ఆ చేతిపనుల రాబడితోనే సముద్రం ఒడ్డున నేల కొని 1966లో చోళమండలం కట్టుకున్నారు. పొద్దున బాతిక్ మైనం కాచిన చేతులకు సాయంత్రం ఎవరి మెప్పు కోసమూ గీయవలసిన పని లేకపోయింది. చదవడానికి వీలులేని ఆ అక్షరం వెనక ఇంత కూలిపని ఉంది. నాకు అది అన్యాయంగా కనిపించదు. అక్షరాన్ని ఏ పనికీ పంపకుండా, ఊరికే దగ్గర కూర్చోబెట్టుకుని చూడడంగా కనిపిస్తుంది. గోడ మీద వివరణ పెట్టదలిస్తే బొమ్మకు అర్థం రాయకూడదు, ఈ సంగతి రాయాలి.

అడయారు పాఠకురాలు:
జవాబులన్నీ నాన్నగారికి చదివి వినిపించాను. యంత్రపు రేకు పోలికను ఆయనా ఒప్పుకోలేదు. బాతిక్ సంగతి మాత్రం రెండుసార్లు చదివించుకున్నారు. "అక్షరం చదవడానికే" అన్న మాట మీద నుంచి ఇంకా కదల్లేదు. కానీ వచ్చే ఆదివారం మళ్లీ వెళ్దామన్నారు, ఈసారి కళ్లద్దాలు మార్పించుకుని.