వాన్ బాస్టెన్ కెరీర్‌ని ముగించింది టాకిల్సా, ఆపరేషన్లా?

తొమ్మిదో నంబర్:
నెదర్లాండ్స్ ఫుట్‌బాల్ స్ట్రైకర్ మార్కో వాన్ బాస్టెన్ ఆఖరి మ్యాచ్ 1993 మే 26న, ఇటలీ క్లబ్ మిలాన్ తరఫున మ్యూనిక్‌లో మార్సెయ్‌తో ఆడిన ఛాంపియన్స్ లీగ్ ఫైనల్. అప్పటికి వయసు 28. అధికారికంగా రిటైరైంది 1995 ఆగస్టులో. ఇటలీలో డిఫెండర్లు వెనక నుంచి తన్ని తన్ని ఆయన చీలమండని నాశనం చేశారని అందరూ అంటారు. నేను ఒప్పుకోను. గాయం మొదలైంది అంతకుముందు ఆడిన డచ్ క్లబ్ అయాక్స్‌లో. 1986 డిసెంబర్‌లో గ్రోనింగెన్ జట్టు మీద ఆయనే ఆవేశంగా టాకిల్‌కి (ఎదుటివాడి కాళ్ల దగ్గర బంతి లాక్కోడానికి) వెళ్లి చీలమండ దెబ్బతీసుకున్నాడు. అప్పటికి మిలాన్ జెర్సీ కూడా వేసుకోలేదు.

దాన్ని అక్కడే మాన్పాల్సింది. కోచ్ క్రైఫ్ ఒక ఏర్పాటు చేశాడు: కొన్ని లీగ్ మ్యాచ్‌లు, ప్రాక్టీస్ మానుకో, యూరప్ మ్యాచ్‌లు మాత్రం ఆడు. 1987 మేలో ఏథెన్స్‌లో యూరప్ క్లబ్‌ల కప్ విన్నర్స్ కప్ ఫైనల్ వాన్ బాస్టెన్ హెడర్‌తోనే 1-0తో గెలిచారు, నిజమే. కానీ ఆ కప్పుకి కట్టిన ధర మిలాన్‌లో మొదటి సీజన్‌లోనే తేలింది. 1987 నవంబర్‌లో ఆపరేషన్, ఆ ఏడాది లీగ్‌లో 11 మ్యాచ్‌లు, 3 గోల్స్.

శ్రీధర్_కాకినాడ:
తొమ్మిదో నంబర్ గారూ, ఆరంభం గురించి మీ మాట సరే. మరి ఆ తర్వాతి లెక్క చూడండి. మిలాన్ లీగ్ మ్యాచ్‌లే చెప్తున్నా:

1988-89: 33 మ్యాచ్‌లు, 19 గోల్స్
1989-90: 26 మ్యాచ్‌లు, 19 గోల్స్, లీగ్ టాప్ స్కోరర్
1990-91: 31 మ్యాచ్‌లు, 11 గోల్స్
1991-92: 31 మ్యాచ్‌లు, 25 గోల్స్, మళ్లీ టాప్ స్కోరర్

1986లోనే చీలమండ పోయినవాడు నాలుగు సీజన్లు ఇలా ఆడగలడా? అదీ గోల్స్ తక్కువగా పడే ఆనాటి ఇటలీ లీగ్‌లో. 1988 యూరో (యూరప్ దేశాల కప్) కూడా ఉంది. మొదటి మ్యాచ్‌లో సోవియట్ మీద సబ్‌స్టిట్యూట్‌గా దిగాడు. ఇంగ్లండ్ మీద హ్యాట్రిక్, పశ్చిమ జర్మనీ మీద 88వ నిమిషంలో గెలుపు గోల్, ఫైనల్లో సహచరుడు మ్యూరెన్ ఎత్తిన క్రాస్‌కి దాదాపు కోణమే లేని చోటు నుంచి, బంతి నేల తాకకముందే, సోవియట్ గోల్‌కీపర్ దసాయెవ్ తల మీదుగా కొట్టిన ఆ వాలీ. 1987 ఆపరేషన్ ఫలించిందని దీన్నిబట్టే తెలుస్తుంది. కాబట్టి ఆ తర్వాత జరిగిన నష్టమే అసలు నష్టం. ఆ రోజుల్లో స్ట్రైకర్ వీపు గోల్ వైపు పెట్టి బంతి అందుకునే క్షణంలో స్టాపర్ (అతన్ని కాపలా కాసే డిఫెండర్) వెనక నుంచి కాలు దూర్చినా చాలాసార్లు ఫౌల్‌తో సరిపెట్టేవారు. వాన్ బాస్టెన్ ఆటలో సగం ఆ భంగిమలోనే.

పద్మజ (ఫిజియో):
ఇద్దరూ ఒకే కారణం కోసం వెతుకుతున్నారు. చీలమండ అలా పాడవదండీ.

లిగమెంట్ (ఎముకల్ని కలిపి పట్టే నారపట్టీ) సాగి సరిగా అతుక్కోకపోతే కీలు కొంచెం వదులుగా ఉండిపోతుంది. ఆడుతుంటే పైకి తెలియదు. కానీ ప్రతి మలుపులో, ప్రతి గెంతులో ఎముకలు ఉండాల్సిన చోటు నుంచి కాస్త జరిగి రాసుకుంటాయి. మధ్యలో ఉండే మెత్తటి పొర, మృదులాస్థి, మందం చీలమండలో ఒకటి, ఒకటిన్నర మిల్లీమీటర్లే. దానికి రక్తనాళాలు లేవు, అరిగితే తిరిగి పెరగదు. నొప్పి కూడా ఆలస్యంగా తెలుస్తుంది, ఎందుకంటే మృదులాస్థిలో నరాలు ఉండవు. కింద ఎముక బయటపడ్డాకే అసలు నొప్పి. కాబట్టి శ్రీధర్ గారు చూపించిన నాలుగు సీజన్లు కీలు బాగుందనడానికి రుజువు కావు. అరుగుదల ఇంకా ఎముక దాకా రాలేదని మాత్రమే చెప్తాయి.

టాకిల్ దెబ్బలు ఆ అరుగుదలని తొందరపెడతాయి, అది కాదనను. కానీ గట్టి కీలు మీద పడ్డ దెబ్బ వేరు, వదులు కీలు మీద పడ్డ దెబ్బ వేరు.

తొమ్మిదో నంబర్:
పద్మజ గారు చెప్పిందానికి 1992 డిసెంబర్ సరిగ్గా సరిపోతుంది. ఆ సీజన్‌లో 15 లీగ్ మ్యాచ్‌ల్లో 13 గోల్స్, నవంబర్ 25న గోథెన్‌బర్గ్ మీద ఒక్కడే నాలుగు. యూరప్ ఉత్తమ ఆటగాడికిచ్చే బాలన్ డోర్ మూడోసారి అందుకున్నది కూడా ఆ చలికాలమే. ఆ డిసెంబర్‌లోనే స్విట్జర్లాండ్‌లో ఆపరేషన్. వసంతంలో తిరిగొచ్చాడు కానీ ఆ మనిషి కాదు. ఫైనల్లో 86వ నిమిషంలో బయటికి తీశారు, 0-1తో ఓడారు. జూన్‌లో ఆంట్‌వెర్ప్‌లో ఇంకో ఆపరేషన్. ఇక ఆడలేదు.

శ్రీధర్_కాకినాడ:
పద్మజ గారూ, అరిగిన కీలుకి ఆపరేషన్ చేస్తే ఎందుకు తిరగబడుతుంది? శుభ్రం చేస్తే తేలికవ్వాలి కదా?

పద్మజ (ఫిజియో):
ఆయన కేసులో లోపల ఏం కనిపించిందో డాక్టర్లకే తెలుసు, నేను మామూలుగా జరిగేది చెప్తా. కీలు అంచున పెరిగిన ఎముక ముళ్లని గీకేస్తే కదలిక పెరుగుతుంది. కానీ ఆ ముళ్లు వదులు కీలుని కొంత పట్టి కూడా ఉంచుతాయి. అవి పోయాక మిగిలిన పలచటి మృదులాస్థి మీదే భారమంతా పడుతుంది. దానికి నెలల తరబడి విశ్రాంతి కావాలి. సీజన్ మధ్యలో కత్తి పెట్టి, మేలో ఫైనల్ అనుకుంటే ఆ గడువు దొరకదు.

ఆ తర్వాత ఇలిజరోవ్ చట్రం కూడా బిగించారు. ఎముకల్లోంచి సన్నటి తీగలు పోనిచ్చి బయట రింగులకు కడతారు. రోజుకింత చొప్పున నట్లు తిప్పుతూ కీలు ఎముకల మధ్య 5 మిల్లీమీటర్ల దాకా ఖాళీ తెస్తారు. దాదాపు మూడు నెలలు. మృదులాస్థికి కాస్త ఊపిరి దొరుకుతుందని ఆశ. అదీ పనిచేయక చివరికి కీలునే కదలకుండా అతికించారు. నొప్పి పోతుంది, పాదం పైకీ కిందికీ వంగదు. అంటే పరుగు, వాలీ రెండూ పోయినట్టే.

శ్రీధర్_కాకినాడ:
సరే, మూలం 1986 అని ఒప్పుకుంటా. టాకిల్స్‌ని మాత్రం వదలను. 1994 ప్రపంచ కప్‌లో వెనక నుంచి టాకిల్‌కి రెడ్ కార్డ్ ఇవ్వమని రిఫరీలకు ఫిఫా గట్టిగా చెప్పింది, 1998లో నియమాల్లోనే రాశారు. ఆ నియమం పదేళ్లు ముందు వచ్చి ఉంటే వదులు కీలుతోనైనా ఇంకో రెండు సీజన్లు ఆడేవాడు.

తొమ్మిదో నంబర్:
1987 వసంతంలో మూడు నెలలు కూర్చోబెట్టి ఉంటే ఐదు సీజన్లు ఆడేవాడు. ఏథెన్స్ కప్ అయాక్స్‌కి రాకపోయేదేమో. నాకైతే అది చవక బేరం.