కిన్నెర వీడియో: కట్ బీటు మీదే పడాలా?

డప్పుదరువు (నల్లగొండ): పన్నెండు మెట్ల కిన్నెర అనే తీగవాద్యం పాటకు మన కుర్రాళ్లు తీసిన ప్రయోగాత్మక వీడియో చూశారు కదా! మగ్గం, చెరువు, రాళ్లగుట్ట. ఒక్క కట్టూ, అంటే దృశ్యం మారే చోటు, బీటు మీద పడలేదు. నిమిషానికి 120 బీట్లు, సెకనుకు 24 ఫ్రేములైతే ప్రతి 12 ఫ్రేములకు ఒక బీటు. ఇంత తేలిక లెక్క. యానిమేషన్ దర్శకుడు నార్మన్ మెక్‌లారెన్ 1971లో ‘సింక్రోమీ’ అనే చిన్న సినిమాలో ఫిల్ము అంచున ధ్వని పుట్టించే గీతలకే రంగులు వేసి తెర మీద చూపించాడు. వినేదీ చూసేదీ ఒకటే. ప్రయోగమంటే అదీ!

పాలమూరుచెట్టు: కిన్నెరకు 120 ఎక్కడిదండీ? కథ చెప్పేవాడు ఆగుతాడు, సాగదీస్తాడు. పైగా శబ్దం, కదలిక ఒకేసారి తగిలితే చాలు, సంబంధం లేకపోయినా మనసు వాటిని కలిపేసుకుంటుంది. ధ్వని ఆపి ఆ వీడియో కింద వేరే పాట పెట్టి చూడండి, ఎక్కడో ఒకచోట కలిసి తీరుతుంది.

దేవరకొండవాసి: నాకు నచ్చింది. ఆ చెరువు ఏ ఊరిది?

డప్పుదరువు: అలా దానంతటదే కలిసేదాన్ని పనితనం అనరు. పెళ్లి వీడియోలతో బతికేవాణ్ణి నేను. బరాత్ డప్పుకు బొమ్మ కాస్త వెనకబడిందని ఒకాయన మిగతా డబ్బు ఎగ్గొట్టాడు. ప్రయోగమన్నానంటే ఇచ్చేవాడా?

పాలమూరుచెట్టు: డబ్బు ఎగ్గొట్టింది ఆయన, తిట్లు ఈ కుర్రాళ్లకా?

నాగర్‌కర్నూల్ శ్రోత: దర్శకుడు మిషెల్ గోండ్రీ తీసిన పాట వీడియో ‘స్టార్ గిటార్’ (2002) చూడండి. రైలు కిటికీలోంచి కనిపించే కట్టడాలన్నీ పాటలోని శబ్దాల ప్రకారమే వస్తాయి. కట్ కనిపించదు, లెక్క మాత్రం తప్పదు. ఇద్దరూ ఫ్రేములు వదిలేయండి.

డప్పుదరువు: వదిలేశాను. వాయించిన మనిషి ఏడి? ఆయన మా మేనమామ. ఆయన కిన్నెర చివర చెక్క చిలుక ఉంటుంది, తీగ మీటినప్పుడల్లా తల ఊపుతుంది. పాటకు ఆడే బొమ్మ ఎదురుగా ఉంటే రాళ్లగుట్ట చుట్టూ తిరిగారు! చివర పేర్లలో ‘జానపద సంగీతం’ అట. డ్రోన్ నడిపినవాడికి మాత్రం పేరుంది.

పాలమూరుచెట్టు: ఇది మొదటే రాయాల్సింది. పేరు వేయకపోవడం అన్యాయమే. ముఖం చూపించకపోవడం అన్యాయమంటే ఒప్పుకోను. వాయించేవారినే చూపిస్తే అది కచేరీ రికార్డింగు.

డప్పుదరువు: మగ్గం నేసేవాడి ముఖాన్ని తెర నిండా పరిచారు. అది కచేరీ కాదా?

దేవరకొండవాసి: తీసినవాళ్లకు రాశారా?

డప్పుదరువు: రాశాను. రెండో భాగంలో పేరు వేస్తారట. దానికీ మామయ్యే వాయించాలట, ఈసారి కూడా ఉచితంగా.